వంతెన దాటాక

మేడమీదావిడ మెట్లూడ్చే మనిషితో అన్నదట. ఆ మెట్లూడ్చే మనిషి "నా పేరు బయటికి రాకూడదు సుమా" అని ఒట్టు వేయించుకుని మరీ కింది వాటా అక్క చెవిలో ఊదింది. ఏమనీ అంటే, కింది వాటాలో కాలు కుళ్ళిపోతున్న కుర్రాణ్ణి మంచంమీద పడేసి, ఇంటిల్లిపాదీ చుట్టూ చేరి వీడియో గేములాడుకుంటున్నారట. తల్లి చప్పట్లు కొడుతుందట. బావగారు కొట్టు మూసుకుని వచ్చి మరీ ఆడిస్తున్నాడట. "కాలు పోతే పోయె, ఆట పోకూడదు కాబోలు వాళ్ళకి" అని ఓ ముక్క తగిలించిందట కూడా.

అక్క ఆ మాట మొగుడితో చెప్పి కళ్ళు తుడుచుకుంది. మొగుడు బల్లకింద దూరి, నోట్లో స్క్రూడ్రైవరు కరుచుకుని ఉన్నాడు. దాన్ని తీసి, "ఇందులో అబద్ధమేముంది?" అన్నాడు.

నిజమే, ఏమీ లేదు. కాకపోతే మేడమీదావిడ కిటికీలోంచి కనిపించినంత మేరకే చెప్పింది.

అక్క మొగుడికి కంప్యూటర్లు బాగుచేసే కొట్టుంది. ఎవరొచ్చి ఏ జబ్బు చెప్పుకున్నా ముందు "ఓసారి ఆపి మళ్ళీ వేసి చూశారా?" అంటాడు. అలా అనీ అనీ అసలు పేరు ఊడిపోయి రీస్టార్టు అన్న పేరు మిగిలింది. అత్తగారికి ఆయాసమొస్తే "కాసేపు పడుకుని లేవండత్తయ్యా" అన్నాడని బంధువుల్లో ఇప్పటికీ నవ్వుకుంటారు. ఆయన ఉడుక్కోడు. లోకంలో సగం జబ్బులు దాంతోనే పోతాయని ఆయన గట్టి నమ్మకం.

మిగతా సగంలో ఒకటి ఇంట్లోనే మంచమెక్కింది.

అక్కకి ఒక్కడే తమ్ముడు. ఎంత ఎదిగినా ఇంట్లో చిన్నోడే. కలప అడితిలో దుంగలు దించే క్రేను నడిపేవాడు. ఒకనాడు క్రేను దిగి గొలుసు సర్దుతుంటే, పేర్చిన వాటిలోంచి ఒక దుంగ జారి కుడి పాదం మీద పడింది. ఎముకలైతే అతికించారు గానీ లోపల చీము పట్టింది. దానికి తోడు ఒంట్లో చక్కెర. అది ఎన్నాళ్ళుగా ఉందో ఎవరికీ తెలీదు. ముందు వేళ్ళు నల్లబడ్డాయి. ఆ నలుపు పాదం మీదికి పాకింది.

పెద్దాసుపత్రి డాక్టరు చుట్టూ తిప్పి చెప్పే మనిషి కాదు. "ఇప్పుడైతే పిక్క దగ్గర తీస్తాను, మోకాలు దక్కుతుంది. మోకాలుంటే పెట్టుడు కాలుతో నడుస్తాడు, మెట్లెక్కుతాడు, ఏదో ఒక పని చేసుకుంటాడు. ఆలస్యం చేస్తే తొడలో తీయాలి. ఇంకా ఆలస్యం చేస్తే పిలవాల్సింది నన్ను కాదు" అన్నాడు.

చిన్నోడు సంతకం పెట్టనన్నాడు. "పిక్కతో పెడలు తొక్కమంటారా?" అని అడిగి గోడవైపు తిరిగి పడుకున్నాడు. వయసొచ్చినవాడు, తెలివిలో ఉన్నవాడు. వాడి సంతకం ఇంకొకరు పెట్టడానికి లేదు. ఇంటికి తెచ్చేశారు. కట్టు మార్చడానికి రోజూ ఒక నర్సు వచ్చేది. కట్టు విప్పాక నలుపు ఎక్కడిదాకా వచ్చిందో చర్మం మీద పెన్నుతో గీత గీసి వెళ్ళేది. మర్నాడు వచ్చేసరికి నలుపు ఆ గీత దాటి ఉండేది. ఆమె మళ్ళీ గీసేది.

తల్లి తిండి మానేసింది. అక్క మంచం పట్టె పట్టుకుని కూచుంది. బతిమాలారు, తిట్టారు, మళ్ళీ బతిమాలారు. చివరికి ఒక పొద్దున్న వాడు పైకప్పు చూస్తూ అన్నాడు.

"సరే. ఆ ఆట ముగించాక పెడతాను."

"ఏ ఆటరా?"

"లాంతరు పిల్లాడి ఆట."

అక్కకి వెంటనే తెలిసింది. చిన్నప్పుడు ఇంట్లో ఒక గేము డబ్బా ఉండేది, టీవీకి తగిలించేది. దానికున్నది ఒక్కటే డిస్కు. లాంతరు పట్టుకున్న పిల్లాడు కొండెక్కి, పైనున్న కోటలో ఆరిపోయిన పెద్ద దీపాన్ని వెలిగించాలి. అక్కాతమ్ముళ్ళు వంతులేసుకుని ఆడేవాళ్ళు. ఆడింది చాలు, చదువుకోండని రెండుసార్లు చెప్పి, మూడోసారి తల్లి మాటా పలుకూ లేకుండా వచ్చి గోడ దగ్గర ప్లగ్గు పీకేసేది. ఆట దాచుకునే కార్డు ఆ డబ్బాకి ఎప్పుడూ కొననే లేదు. అంతే, అప్పటిదాకా ఎక్కిన కొండంతా గంగలో కలిసేది. ఎన్నిసార్లు మొదలెట్టినా వాళ్ళు తాళ్ళ వంతెన దాటింది లేదు. అక్కడికి రాగానే బొమ్మ బిగుసుకుపోయేది. తల్లి పీకుళ్ళలోనే ఒకనాడు డబ్బా కూడా చచ్చింది.

"వంతెన దాటి, కోట ఎక్కి, దీపం వెలిగించిన మర్నాడే పెడతాను. నీ మీద ఒట్టే అక్కా" అన్నాడు చిన్నోడు.

అక్క ఆ డిస్కుని బట్టల బీరువా అడుగునుంచి వెతికి తీసి మొగుడి చేతిలో పెట్టింది. "మీరు చెయ్యగలరా?"

"పాత డబ్బా లేకపోయినా పర్వాలేదు" అన్నాడు రీస్టార్టు. కంప్యూటరు చేత ఆ డబ్బా వేషం వేయించే ప్రోగ్రాములున్నాయి, ఎమ్యులేటర్లంటారు. వేషం కుదిరితే, ఆట తను సొంత డబ్బాలోనే ఉన్నాననుకుని నడిచిపోతుంది. కుదరకపోతే నడిమధ్యలో కూలుతుంది. ఆయన కొట్టుకి అలాంటివి తెచ్చే కుర్రాళ్ళు చాలామంది ఉన్నారు. కూలిన ఆటలు లేపడం ఆయనకి కొత్త కాదు.

మంచానికి కాళ్ళవైపు బల్ల వేశారు. బల్లమీద తెర, బల్లకింద కంప్యూటరు పెట్టె. పెట్టెలోని హార్డు డిస్కు నిండిపోయి ఉంది. అందుకని ఆటని అరచేతిలో పట్టే బయటి డిస్కులోకి ఎక్కించి, దాన్ని మంచం కోడు పక్కన ఎత్తుపీట మీద పెట్టి, పొట్టి వైరుతో పెట్టెకి తగిలించాడు. చిన్నోడి కుడికాలు దిండ్ల మీద ఎత్తి ఉంది. ఎడమకాలు దుప్పటి కింద చాపుకున్నాడు. చేతిలో ఆట మీటల ప్యాడు.

మొదటి రోజు పాట వినిపించింది, బొమ్మ కనిపించలేదు. బొమ్మని తెరకెక్కించే గ్రాఫిక్సు కార్డు డ్రైవరు ప్రోగ్రాము పాతది. రీస్టార్టు కొత్తది వేశాడు. బొమ్మ వచ్చింది, కాసేపాడి పెట్టె తనంతట తనే ఆరిపోయింది. మూత తీస్తే ఫ్యాను రెక్కల నిండా దుమ్ము, దూది పోగులు. బ్రష్షుతో దులిపి, ప్రాసెసరు మీద ఎండిపోయిన పేస్టు గీకి, కొత్తది రాశాడు. వేడి తగ్గింది.

"నీ వైద్యమే నయం బావా. చెయ్యి పెడితే చాలు, దాని ఒంట్లో ఏదో ఒకటి బాగుపడుతోంది" అన్నాడు చిన్నోడు.

"దానికి నీలా నోరు లేదురా. వద్దనదు."

"అది కూడా సంతకం పెట్టాలంటే తెలిసేది నీకు."

అలా నవ్వులాటగానే మొదలైంది. లాంతరు పిల్లాడు కొండెక్కుతున్నాడు. దారిలో అక్కడక్కడా దీపస్తంభాలుంటాయి. స్తంభం దగ్గర లాంతరు వెలిగిస్తే అంతవరకూ ఆట భద్రం. మధ్యలో ఆగితే మళ్ళీ ఆ స్తంభం దగ్గర్నుంచే నడవాలి. ఎమ్యులేటర్లో అయితే ఎక్కడ కావాలంటే అక్కడ ఆట దాచుకునే మీట ఉంది. రీస్టార్టు అది చూపించబోతే చిన్నోడు వద్దన్నాడు. "దొంగ దాపుడొద్దు. చిన్నప్పటిలాగే ఆడాలి."

వంతెన దగ్గరికొచ్చారు. సగం దాటేసరికి, పలక విరిగే చోట, ఆట ఠపీమని పడిపోయి తెర మీద కంప్యూటరు మామూలు ముఖం తేలింది. మళ్ళీ వేశారు. మళ్ళీ అక్కడే. చిన్నోడు ప్యాడు పక్కన పెట్టి, "చెప్పానుగా, దాటదది" అన్నాడు. ఆ గొంతులో బాధ ఉందనుకుంది తల్లి.

రీస్టార్టుకి మాత్రం ప్రాణం లేచొచ్చింది. "ఒకేచోట పడుతోందంటే తప్పు ఆటది. చోట్లు మార్చి పడితే తప్పు పెట్టెది. ఒకేచోట పడే జబ్బుకి మందుంది" అన్నాడు.

డిస్కు కొట్టుకి పట్టుకెళ్ళి వెలుతురుకి అడ్డంగా పెట్టి చూశాడు. వెంట్రుకంత గీత. చిన్నప్పుడు వంతెన మీద బిగుసుకుపోయింది కూడా దీనివల్లే. పాలిష్ పెట్టి రుద్దాడు. వేరే డ్రైవులో వేసి, మెల్లిగా చదివించి నకలు తీశాడు. నమ్మకం చాలక ఇంకో నకలు తీసి రెండూ పోల్చాడు. తేడా వచ్చింది. మళ్ళీ రుద్దాడు, మళ్ళీ తీశాడు. రెండు నకళ్ళూ పొల్లు పోకుండా ఒకటయ్యేదాకా కొట్టు మూయలేదు. కొట్టుకొచ్చిన వాళ్ళు "మా ల్యాప్‌టాప్ సంగతేంటండీ?" అంటే "కొండెక్కుతున్నాం, దిగాక చూద్దాం" అని పంపేశాడు.

మర్నాటి సాయంత్రం లాంతరు పిల్లాడు వంతెన దాటాడు.

తల్లి చప్పట్లు కొట్టింది. మేడమీదావిడ విన్న చప్పట్లు అవే. అక్క లేచి గెంతింది, అంత మనిషి. "దాటాంరా! దాటించేశాడు మీ బావ!" అని తమ్ముడి భుజం పట్టుకుని ఊపింది. చిన్నోడు ప్యాడు ఒళ్ళో పెట్టుకుని తెరకేసి చూస్తూ ఉండిపోయాడు.

"ఏంట్రా, నమ్మకం కలగట్లేదా?"

"ఇన్నేళ్ళూ అవతల ఏముందో అనుకునేవాణ్ణి."

"ఏముంది?"

"ఏముంది, ఇంకా కొండే" అన్నాడు.

నర్సు వచ్చి కట్టు విప్పింది. గదిలో కంపు తెలిసింది. కిటికీ తీశారు. పైన మేడమీదావిడ కిటికీ మూసుకున్న చప్పుడైంది. నర్సు గీత గీస్తూ, తెరకేసి చూడకుండానే "ఆట ఎంతవరకొచ్చింది?" అనడిగింది. సగం దాటామంది అక్క. "త్వరగా కానివ్వండి" అంది నర్సు.

ఆ మర్నాటి నుంచీ కొత్త జబ్బు మొదలైంది. ఆట కాసేపు నడిచేది, డిస్కు చదవలేకపోయానని ఒక ముక్క తెర మీద పెట్టి కూలిపోయేది. ఒకసారి గుహలో. ఒకసారి మంచులో. ఒకసారి దీపస్తంభం నాలుగడుగుల దూరంలో ఉందనగా. ఎప్పుడు పడుతుందో తెలీదు, ఎందుకు పడుతుందో తెలీదు. పడ్డప్పుడల్లా రీస్టార్టు "ఓసారి ఆపి మళ్ళీ వేద్దాం" అనేవాడు. వేసేవాళ్ళు. వెనకటి స్తంభం దగ్గర్నుంచి మళ్ళీ నడక.

"చోటు మార్చి పడుతోంది, అంటే పెట్టెది తప్పు" అనుకుని ఆయన పెట్టె వెంట పడ్డాడు. ర్యాము ముక్కలు ఒక్కొక్కటే తీసి పెట్టి చూశాడు. కొత్త డ్రైవరు తీసి పాతది వేశాడు. యాంటీవైరస్ అడ్డుపడుతోందేమోనని దాన్ని నిద్రపుచ్చాడు. కరెంటు ఎగిసి పడుతోందేమోనని కొట్టులోని యూపీఎస్ మోసుకొచ్చి పెట్టాడు. బయటి డిస్కు వైరు మార్చాడు, అది తగిలించే రంధ్రం మార్చాడు. రంధ్రం వదులైందని ఇంకో రంధ్రంలో పెట్టాడు. అయినా కూలింది.

విసిగి, మొత్తం సరంజామా కొట్టుకి పట్టుకుపోయి, పొద్దున్నుంచి సాయంత్రందాకా తనే ఆడాడు. ఒక్కసారి పడితే ఒట్టు. లాంతరు పిల్లాణ్ణి ఎన్ని రాళ్ళమీంచి దొర్లించినా ఆట చెక్కుచెదరలేదు. సంబరంగా ఇంటికి తెచ్చి తగిలించాడు. చిన్నోడు ప్యాడు పట్టుకున్నాడు. స్తంభం కనుచూపు మేరలో ఉండగా పడిపోయింది.

"కొట్లో నడిచింది ఇంట్లో నడవదేంటండీ? పెట్టె అదే, ఆట అదే!" అంది అక్క. గొంతు లేచింది. "అందరి ఇళ్ళల్లో కంప్యూటర్లూ బాగుచేస్తారు. మనింటి దగ్గరికొచ్చేసరికి చేతులు రావు."

"డాక్టరు పెళ్ళానికే జబ్బులెక్కువని ఊరికే అనలేదు" అని తల్లి ఓ మాట కలిపింది. తర్వాత అల్లుణ్ణి అన్నందుకు నాలుక్కరుచుకుంది. కానీ అనేసిన మాట గదిలోనే ఉంది.

రీస్టార్టు కాలుగాలిన పిల్లిలా గదిలో తిరిగాడు. చివరికి బామ్మర్ది పక్కన కూచుని మెల్లిగా అన్నాడు. "ఒరేయ్, ఎవరో ఆడి చివరిదాకా తెచ్చిన ఆట దొరుకుతుంది. దించుకొస్తాను. చివరి మెట్టు నువ్వెక్కు. సరిపోదూ?"

"ఆట ఆడి ముగిస్తానని ఒట్టేశాను బావా. ఎవడో ఎక్కిన కొండ నేనెక్కినట్టా?"

"నీ కాలు చూస్తున్నావా?"

"నాదే కదా. చూడకపోతే ఎలా?"

ఆ రోజు నర్సు వెళ్తూ వెళ్తూ రీస్టార్టుని వీధి గుమ్మం దాకా రమ్మంది. చెప్పులు వేసుకుంటూ, "చీలమండ దాటింది. కింద చీము తడి మొదలైంది. ఇప్పుడిక గీత గీసినా పొద్దుటికే పనికిరావట్లేదు. మోకాలు కావాలంటే మీరేం చేస్తారో చెయ్యండి. నేనిలా రోజూ వచ్చి చూస్తూ ఉండలేను" అంది. చెడామడా తిట్టినా అంత బాధ ఉండేది కాదు.

ఆయన గుమ్మంలోనే నిలబడి ఆలోచించాడు. డిస్కు చదవలేకపోయానంటోంది. డిస్కు మంచిదే, వైరు కొత్తదే, రంధ్రమూ గట్టిదే. అయినా చదవలేకపోతోందంటే, ఎందుకని అడగడం మానేసి అసలు ఆ బయటి డిస్కునే లెక్కలోంచి తీసేస్తే? ఏది అనుమానమో దాన్ని పక్కన పెట్టి చూడటమే కదా తన వృత్తి.

మర్నాడు మధ్యాహ్నం చిన్నోడు మందు మత్తులో నిద్రపోతున్నాడు. అక్క వంటింట్లో ఉంది. రీస్టార్టు పెట్టె మూత తీసి, లోపల కొత్త డిస్కు ఒకటి బిగించి, ఆటని అందులోకి ఎక్కించి, ఎమ్యులేటరుకి ఆ చోటు చూపించి మూత వేశాడు. బయటి డిస్కుని తీయలేదు, అందులో అక్క చూసుకునే సినిమాలున్నాయి. అది పీట మీద అలాగే, అదే వైరుతో తగిలించి ఉంది, ఇక దానికి ఆటతో సంబంధం లేకపోయినా. ఎవరికీ చెప్పలేదు. చెప్పి చెప్పి నవ్వులపాలైనవాడు, పనయ్యాక చెబుదామనుకున్నాడు.

సాయంత్రం మొదలెట్టారు. ఆ రోజు ఆట బాగా సాగింది. గుహ దాటింది, మంచు దాటింది, కోట తలుపులు తెరుచుకున్నాయి. లోపల చుట్టలు చుట్టుకుపోతూ మెట్లు. అడుగడుక్కీ నీడలు మీదికి దూకుతాయి, లాంతరు ఊపి వాటిని తరమాలి. పైన పెద్ద దీపం. తల్లి రెండు చేతులూ బిగించుకుని కూచుంది. అక్క తమ్ముడి తలగడ పక్కకి జరిగింది. రీస్టార్టు మంచం కాళ్ళవైపు స్టూలు మీద ఉన్నాడు, ఎక్కడ పడుతుందో అని చెవులు రిక్కించుకుని.

డుడుక్, అంది పెట్టె.

దానికి తగిలించిన వస్తువు ఏదైనా ఊడితే పెట్టె అలాగే అంటుంది. ఆ చప్పుడు రోజుకి ఎన్నోసార్లు వినే చెవి ఆయనది. ఇన్నాళ్ళూ ఆట కూలిన గోలలో, "అయ్యో" అన్న కేకల్లో అది కలిసిపోయింది. ఇప్పుడు ఆట కూలలేదు. లాంతరు పిల్లాడు మెట్లెక్కుతూనే ఉన్నాడు. అందుకని చప్పుడొక్కటే, విడిగా, శుభ్రంగా వినిపించింది.

చిన్నోడు తెరకేసి చూశాడు. కళ్ళార్పాడు. దుప్పటి అంచు కదిలింది.

రీస్టార్టు తల వంచి చూశాడు. దుప్పటి కిందనుంచి ఎడమకాలు పీట దాకా చాచి ఉంది. బొటనవేలూ పక్కవేలూ కలిపి వైరుని పటకారులా పట్టుకున్నాయి. మంచికాలు, గోళ్ళు శుభ్రంగా కత్తిరించి ఉన్నాయి, అక్కే కత్తిరించింది. ఆ వేళ్ళు వైరుని డిస్కు రంధ్రంలోకి తోశాయి. డుడుం, అంది పెట్టె. మళ్ళీ లాగాయి. డుడుక్. పిల్లాడు మాత్రం ఎక్కుతూనే ఉన్నాడు.

తప్పు ఆటదైనా అవ్వాలి, పెట్టెదైనా అవ్వాలి. మూడోది ఒకటుంటుందని ఇన్నేళ్ళ పనిలో ఆయన ఎన్నడూ లెక్క వేసుకోలేదు. వంతెన దాటదన్న ధైర్యంతో ఒట్టేసినవాడికి వంతెన దాటించి పెట్టింది తనే.

తలెత్తాడు. చిన్నోడు ఆయన్నే చూస్తున్నాడు. చేతులు ప్యాడు మీద వాటంతటవే ఆడుతున్నాయి. ఆ చూపులో సిగ్గు లేదు, బతిమాలుకోవడం లేదు. క్రేను మీద కూచుని కింద దుంగ పట్టుకున్నవాడికి ‘పక్కకి జరుగు’ అని చెప్పే చూపు.

రీస్టార్టు జరగలేదు.

మెట్లమీద పిల్లాడు నీడ తగిలి పడిపోయాడు. కింద మెట్టునుంచి మళ్ళీ మొదలు. మళ్ళీ పడ్డాడు. కావాలని పడుతున్నాడని అక్కకి తెలీదు. "అబ్బా, ఊపరా లాంతరు! ఎడంపక్క!" అని అరుస్తోంది. మూడోసారి పడ్డాక చిన్నోడు ప్యాడు దుప్పటి మీద వదిలేశాడు.

"వేళ్ళు తిమ్మిరెక్కాయి. ఇవాళ్టికి చాలు."

"రేపు చూద్దాంలే నాయనా" అంది తల్లి.

చీలమండ దాటింది, అంది నర్సు నిన్న. రీస్టార్టు స్టూలు ముందుకి జరుపుకున్నాడు.

"అక్కకివ్వు."

"ఏంటి?"

"వంతులేసుకునే కదా ఆడేవాళ్ళు. ఇప్పుడు దాని వంతు."

అక్క అప్పటికే ప్యాడు అందుకుంది. చిన్నప్పుడు ఇద్దరిలో బాగా ఆడేది తనే. చేతులు మరిచిపోలేదు. పెదవి కొరుక్కుంటూ, "జరుగు, జరుగు, చస్తావా లేదా" అని నీడల్ని తిట్టుకుంటూ, ఒక్కో మెట్టే ఎక్కింది. చిన్నోడు తెర చూడటం మానేసి అక్క చేతులు చూస్తున్నాడు. ఎడమకాలు మెల్లిగా దుప్పటి కిందికి వెళ్ళిపోయింది.

పెద్ద దీపం వెలిగింది. గదంతా పసుపు వెలుతురు పడింది, నల్లబడ్డ కాలి మీది కట్టుతో సహా. తల్లి మళ్ళీ చప్పట్లు కొట్టింది. అక్క తమ్ముణ్ణి వాటేసుకుని ఏడ్చింది, నవ్వింది. "అయిపోయిందిరా! అయిపోయింది!"

"అవును, అయిపోయింది" అన్నాడు చిన్నోడు.

అక్క ఆసుపత్రికి ఫోను చెయ్యడానికి బయటికి పరిగెత్తింది. తల్లి ఇన్నాళ్ళకి ఆకలేస్తోందని వంటింట్లోకెళ్ళింది. తెర మీద ఆట చేసినవాళ్ళ పేర్లు పైకి పోతున్నాయి.

"ఎప్పట్నుంచి తెలుసు?" అన్నాడు చిన్నోడు.

"ఇప్పుడే."

"వాళ్ళకి చెప్తావా?"

"రేపు సంతకం పెడతావా?"

చిన్నోడు పేర్లన్నీ పోయేదాకా తెర చూశాడు. "పెడతాను."

"అయితే నాకేమీ తెలీదు" అని రీస్టార్టు పెట్టె ఆపేశాడు.

వాడు సంతకం పెట్టాడు. డాక్టరు కట్టు విప్పించి చూసి, పిక్క మాట ఎత్తలేదు. తొడలో తీశారు. మోకాలు పోయింది. మనిషి దక్కాడు.

వార్డులో మంచాల వరస చివర, గోడ పక్కన పడుకోబెట్టారు. దుప్పటి ఎడమవైపు కిందిదాకా ఎత్తుగా ఉండేది, కుడివైపు సగంలోనే చదునైపోయేది. అటువైపు చూడకుండా మాట్లాడటం ఇంట్లోవాళ్ళు అప్పుడప్పుడే నేర్చుకుంటున్నారు. ఒక సాయంత్రం మేడమీదావిడ పళ్ళ సంచి పట్టుకుని పలకరించడానికి వచ్చింది. మంచం పక్క స్టూలు మీద కూచుని, దుప్పటి చదునైన చోటు తేరిపార చూసి, నిట్టూర్చింది.

"నాలుగు రోజులు ముందొస్తే మోకాలైనా మిగిలేదటగా. నర్సే చెప్పింది. ఇంతకీ ఆ ఆటేదో తొందరగా బాగుపడి ఉంటే..."

మాట సగంలో వదిలేసింది. ఆ మిగతా సగం తల్లి అందుకుంది.

"మా ఖర్మ. నమ్ముకున్న చేతులు అలాంటివి. ఊళ్ళో వాళ్ళ పెట్టెలన్నీ గంటలో లేపుతాడు. నా కొడుకు కాలు దగ్గరికొచ్చేసరికి వైర్లు మార్చుకుంటూ కూచున్నాడు."

"నేను చెప్పాను, ఇంకెవరికైనా చూపించండని" అంది అక్క. ఎప్పుడూ అనలేదు గానీ ఇప్పుడు అన్నాననే అనుకుంటోంది. "కొట్లో నడిచిందంటారు, ఇంట్లో నడవదంటారు. అదేం పనితనమండీ? వాడి మోకాలు మీ చేతకానితనానికి పోయింది."

రీస్టార్టు కిటికీ దగ్గర నిలబడి, ప్లాస్టిక్ గ్లాసు అంచు గోటితో గిల్లుతున్నాడు. మంచంకేసి ఓసారి చూశాడు. గ్లాసు అంచు పుటుక్కున చిట్లింది.

"ఆయన్నెందుకంటారు?" అన్నాడు చిన్నోడు.

అందరూ అటు తిరిగారు.

"వంతెన దాటాక ఆట ఒక్కసారి కూడా చెడిపోలేదు. ఆ డిస్కు వైరు పీకింది నేను. ఇదుగో, ఈ కాలితో." దుప్పటి కింద ఎడమ బొటనవేలు కదిలింది. "అమ్మ ప్లగ్గు పీకేది చూడు, అలా. పడ్డప్పుడల్లా నేనే."

మేడమీదావిడ పళ్ళ సంచి ఒళ్ళోకి లాక్కుంది. తల్లి కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. అక్క మొగుడివైపు చూసింది. ఆయన ముఖం చూస్తే ఆయనకి ముందే తెలుసని అర్థమైంది. తమ్ముడివైపు తిరిగింది. ఆ రోజు ప్యాడు పట్టుకున్న చేతులు రెండూ ఒకదాన్నొకటి నలుపుకుంటున్నాయి.

"ఎందుకురా?" అంది. "ఎందుకు చేశావురా అలా?"

"ఎందుకేంటక్కా? కాలు నాది గనక."